కత్తికి కట్టిన చీటీ

రాత్రి పదకొండుకు నకాష్ వీధిలో
అంగడి షట్టరు సగం దించి
సామాను సర్దుకుంటాండా.

బ్రష్షు. దాని వెంట్రుకలు నాకంటే ముందే రాలిపోయినాయి.
పటిక గడ్డ, అరిగి అరిగి చింతపిక్కంత.
తోలు పట్టీ, కత్తెర,
అడుగున మా నాయన పేరు గీకిన ఇత్తడి గిన్నె.
నిమ్మసబ్బు కొత్తది కోసి, సగం.
ఇంక, కత్తి.

చాంద్‌బాషా ఫోన్లో చూసి చదువుతాండాడు:
"నీళ్లలాంటిది ఏదైనా నూరు మిల్లీ దాటగూడదంటన్నా.
సీసాలన్నీ ఒకే కవర్లో కనపడేటట్టు పెట్టాలంట.
కత్తి..."
అని ఆగినాడు.
వానికి మీసాలింకా రాలే,
అయినా నా మొగం చూసి మాట మింగేది వచ్చు.

లోషను పెద్ద సీసాలోనించి
మనవరాలి దగ్గుమందు సీసాలోకి వంపినా.
దానిమీద ఇంకా రాసి ఉండాది:
రోజుకు మూడుసార్లు, అన్నం తిన్నాక.

నాగిశెట్టికి మదరాసులో దవడ ఆపరేషను.
సాయంత్రం లోపల గడ్డం తీయల్ల.
ఆస్పత్రి పిల్లోడు మిషను పట్టుకోని వస్తే
"మా ఓబయ్య రానీ" అని
గోడపక్కకు తిరిగి పండుకున్నాడంట.
పసుపు మండీలో అర్ధరూపాయికి అరగంట గీసే మనిషి
నాకు ఇమానం టిక్కెట్టు తీసినాడు.

ఆయన కుడి దవడ కింద ఒక గుంత.
చిన్నప్పుడు ఎద్దు కొమ్ము దిగిన చోటు.
ఆడ కత్తి పైకి పోగూడదు, పక్కకు జారల్ల.
ఊపిరి బిగబట్టల్ల, ఆయన కాదు, నేను.
ముప్పై ఒక్కేండ్ల ఆదివారాలు.
ఆ గుంత సంగతి
ఆయన అద్దానికి గూడా అంత బాగ తెలీదు.

తెల్లారి ఏర్‌పోర్టులో
టీవీ తెరమీద నా సంచి ఎముకలు కనపడినాయి.
అన్నీ పల్చగా, ఒకటి మాత్రం నల్లగా.
"ఇదేంది పెద్దాయనా?"
"నా చెయ్యి సార్."
ఆయన నవ్వలే.
నేను ఆయన ఎడమ చెవి కింద చూస్తాండా.
తొందరలో తానే గీసుకున్నట్టుండాడు,
నాలుగు వెంట్రుకలు మిగిలిపోయినాయి.
చెప్పబోయి ఊరకున్నా.

వెనక్కి పంపినారు.
ఆనపకాయల మాదిరి ఉబ్బిన పెట్టెల మధ్య
కౌంటరు పిల్ల నా సంచిని తూకానికి పెట్టింది.
కిలో గూడా లేదు.
"ఇంతేనా అంకుల్?"
"అంతే తల్లీ."
ఆస్పత్రిలో పుట్టిన బిడ్డ చేతికి కట్టినట్టు
దాని చెవికి ఒక పొడుగు చీటీ కట్టింది,
నా పేరు ఇంగ్లీషులో.
నల్ల పట్టీ దాన్ని ఈడ్చుకపోయింది.
రబ్బరు పరదాలు తెరుచుకోని, మళ్ల కలుసుకున్నాయి.

ఒక్క మాట ఎవురినైనా అడగాలనిపించింది:
ఇందరు భయపడే ఈ కత్తి కింద
నా కుర్చీలో గురకపెట్టి నిద్రపోయినోళ్ల లెక్క
ఏ మిషన్లో పడతాది?

పైకి లేస్తానే పెన్న కనపడింది.
అంతా ఇసుకే. నడాన సన్నంగా నీళ్లు,
నురగ ఆరిన చెంపమీద మొదటి గీత మాదిరి.
మోడాలను నురగ అంటే చాంద్‌బాషా నవ్వుతాడు,
అనను.
చేతులు ఒళ్లో పెట్టుకున్నా.
ఏమీ పట్టుకోకుండా వాటిని ఎట్ల పెట్టుకోవల్లో
ఈ వయసులో నేర్చుకోవాల్సి వచ్చింది.

పక్కాయన పల్లీల పొట్లం పండ్లతో కొరికి కొరికి
"కత్తెర ఏమన్నా ఉండాదా?" అన్నాడు.
నన్ను!
"ఉండాది సార్,
మన కాళ్ల కింద."

మదరాసులో సంచి అందరికంటే ఆఖర్న వచ్చింది.
దగ్గుమందు సీసా కారి
మా నాయన పేరంతా లోషను వాసన.

నాగిశెట్టి మంచం మీద లేచి కూచ్చోని
చీటీని అటూ ఇటూ తిప్పి చూసినాడు.
"దీనికి వేరే టిక్కెట్టు పడిందా?"
"లేదు శెట్టీ, ఊరికే వచ్చింది."
"అయితే సరే" అని
కండ్లు మూసుకోని
గొంతు పైకెత్తినాడు.